‘మీరు’ అంటే ఎవరు? వచనాన్ని దాని చోట ఉంచి చదవడం

(హైదరాబాద్‌లో సండే స్కూల్ టీచర్లు, వాక్య పరిచర్య చేసేవారు కలిసిన కూడికలో చేసిన ప్రసంగం. రాలేకపోయినవారి కోసం రికార్డింగు విని రాసినది.)

అందరికీ వందనాలు. వెనక కూర్చున్నవాళ్లు కొంచెం ముందుకు రండి, ఈ రోజు బైబిలు తెరిచే పని చాలా ఉంది. ఫోన్లో చదివేవాళ్లు ఫోన్లోనే చదవండి, ఏమీ అభ్యంతరం లేదు. కాని ఒక్క వచనం మాత్రమే కాకుండా అధ్యాయం మొత్తం కనిపించేలా పెట్టుకోండి. ఎందుకో కాసేపట్లో మీకే తెలుస్తుంది.

డిసెంబరు 31 రాత్రి ఆరాధన గుర్తు చేసుకోండి. పన్నెండు దాటగానే ఏం పంచుతారు? వాగ్దానపు కార్డు. ఆ కార్డు మీద యిర్మీయా 29:11 ఎప్పుడైనా వచ్చినవాళ్లు చెయ్యెత్తండి. చూశారా, సగం హాలు లేచింది. గోడ క్యాలెండరు మీద కూడా అదే, పెళ్లి శుభలేఖ మీద కూడా అదే. “నేను మిమ్మును గూర్చి ఉద్దేశించిన సంగతులను నేనెరుగుదును” అని మొదలవుతుంది. “అవి సమాధానకరమైన ఉద్దేశములేగాని హానికరమైనవి కావు” అంటుంది. ఆ కార్డు పట్టుకుని కన్నీళ్లతో ఇంటికి వెళ్లినవాళ్లున్నారు. ఆ కన్నీళ్లను తక్కువ చేయడానికి నేను రాలేదు. నేను అడిగేది ఒక్కటే ప్రశ్న. ‘మిమ్మును’ అన్నాడు కదా, ఆ ‘మీరు’ ఎవరు?

అధ్యాయం తెరవండి. మొదటి వచనంలోనే జవాబు ఉంది. ఇది ఉత్తరం. యెరూషలేములో ఉన్న యిర్మీయా, బబులోనుకు చెరగా వెళ్లినవారికి రాసిన ఉత్తరం. క్రీస్తుపూర్వం 597లో నెబుకద్నెజరు రాజైన యెకోన్యాను, రాజమాతను, కంసాలులను, చేతిపనివారిని పట్టుకుపోయాడు. వాళ్లకు రాశాడు. మూడో వచనం చూడండి, సిద్కియా రాజు బబులోనుకు పంపిన ఇద్దరు దూతల చేత ఆ ఉత్తరం పంపాడట. అంటే రాజు పంపిన మనుషుల చేతుల్లోనే ప్రవక్త ఉత్తరం కూడా ప్రయాణం చేసింది.

ఇప్పుడు ఒక అధ్యాయం వెనక్కి వెళ్లండి. 28. అక్కడ హనన్యా అనే ప్రవక్త ఉన్నాడు. ఆయన ఏమన్నాడు? రెండేళ్లలో అంతా తిరిగొస్తుంది, మందిరపు ఉపకరణాలు వస్తాయి, యెకోన్యా వస్తాడు అన్నాడు. బబులోనుకు లోబడాలి అన్నదానికి గుర్తుగా యిర్మీయా మెడమీద వేసుకున్న కాడిని తీసి జనం ముందు విరిచేశాడు కూడా. ఎంత బాగుంది వినడానికి! రెండేళ్లు. ఆ రోజు ఎవరైనా కార్డులు పంచి ఉంటే ఏ ప్రవక్త మాట ఉండేది దాని మీద? హనన్యా మాటే ఉండేది.

దానికి ఎదురుగా యిర్మీయా ఉత్తరం ఏం చెప్పింది? 5వ వచనం: ఇళ్లు కట్టుకోండి, తోటలు నాటండి. 6: పెళ్లిళ్లు చేసుకోండి, పిల్లల్ని కనండి, వాళ్లకూ పెళ్లిళ్లు చేయండి. ఇల్లు కట్టుకోమన్నారంటే అర్థమేంటి? ఇప్పట్లో తిరిగి రారు అని. 10వ వచనం సూటిగా చెప్పేసింది, డెబ్భై సంవత్సరాలు. ముప్పై ఏళ్ల వయసులో ఈ ఉత్తరం విన్న మనిషి లెక్క వేసుకుంటే ఏమవుతుంది? నేను చూడను, నా కొడుకు కూడా చూడకపోవచ్చు, మనవడు చూస్తాడు. ఆ డెబ్భై ఏళ్ల మాట తర్వాతే 11వ వచనం వస్తుంది. 10 లేకుండా 11 లేదు. కార్డు మీద 10 ఉండదు.

విన్నవాళ్లకు ఆ ఉత్తరం తీయగా ఉందా? అధ్యాయం చివరికి వెళ్లండి, 24 నుంచి. షెమయా అనేవాడు బబులోను నుంచి యెరూషలేములోని యాజకుడికి ఫిర్యాదు రాశాడు. ఈ యిర్మీయాను ఎందుకు గద్దించలేదు, ఇళ్లు కట్టుకోమంటున్నాడు, చెర చాలా కాలం ఉంటుందంటున్నాడు అని. మనం ఫ్రేము కట్టించుకుని హాల్లో వేలాడదీసుకున్న ఉత్తరం మీద, మొదట విన్నవాళ్లలో ఒకడు ఫిర్యాదు చేశాడు. ఇది తెలిశాక వచనం చిన్నదైందా, పెద్దదైందా? నా మట్టుకు పెద్దదైంది. ఈ ఏడాది నాకు ఉద్యోగం వస్తుందన్న మాటకంటే, నేను చూడని కాలంలో కూడా నా జనాన్ని దేవుడు మరిచిపోడు అన్న మాట పెద్దది.

ఇక్కడ మన తెలుగు బైబిలు గురించి ఒక మాట. 11లో ‘సమాధానకరమైన’ అని ఉంది. మన సండే స్కూల్లో ఇంగ్లిష్ మీడియం పిల్లవాడిని అడగండి సమాధానం అంటే ఏంటని. ప్రశ్నకు జవాబు అంటాడు. తప్పు వాడిది కాదు, నేటి వాడుకలో ఆ మాటకు అదే అర్థం. పాత తర్జుమాలో సమాధానం అంటే శాంతి, నెమ్మది, క్షేమం. హీబ్రూలో అక్కడున్న మాట షాలోమ్. సరే, ఇప్పుడు 7వ వచనం చూడండి. మిమ్మల్ని చెరగా తీసుకుపోయిన పట్టణపు ‘క్షేమము’ కోరండి, దాని ‘క్షేమము’ మీ ‘క్షేమమునకు’ కారణమవుతుంది. ఆ మూడు చోట్లా హీబ్రూలో ఉన్నది కూడా షాలోమే. 7లో క్షేమం అని, 11లో సమాధానం అని తర్జుమా చేయడంతో ఆ రెంటి మధ్య ఉన్న తాడు తెలుగులో కనిపించకుండా పోయింది. హీబ్రూలో విన్నవాడికి అది వినిపిస్తుంది. దేవుడు మీ కోసం ఆలోచించే షాలోమ్, మీరు ఇష్టపడని ఆ ఊరి షాలోమ్‌తో ముడిపడి ఉంది. పని కోసం పల్లె వదిలి ఈ హైదరాబాద్‌కు వచ్చి, ఇది మన ఊరు కాదులే అనుకుంటూ ఇరవై ఏళ్లు బతికేవాళ్లు మన సంఘాల్లో ఎంతమంది? వాళ్లకు 11 ఒక్కటే కాదు, 7 కూడా చెప్పాలి. బస్తీలో నీళ్లు, నాలాలు, పక్కింటివాళ్ల పిల్లల చదువు, ఇవన్నీ 7వ వచనంలోకి వస్తాయి.

స్వీడన్‌కు చెందిన లూథరన్ పండితుడు క్రిస్టర్ స్టెండాల్ 1962లో ఈ పనిని రెండు ప్రశ్నలుగా విడదీశారు. అప్పుడు దాని అర్థం ఏమిటి? ఇప్పుడు దాని అర్థం ఏమిటి? రెండూ అడగాలి, కాని రెంటినీ కలిపి ఒకే గుటకలో మింగొద్దు అన్నది ఆయన హెచ్చరిక. మన కూడికల్లో జరిగే పొరపాట్లలో ఎక్కువ భాగం మొదటి ప్రశ్న అడగకుండానే రెండోదానికి జవాబు చెప్పడం వల్ల వస్తున్నవే.

మళ్లీ ‘మీరు’ దగ్గరికి వద్దాం. తెలుగువాళ్లకు ఇక్కడ ఒక ప్రమాదం ఉంది, ఒక వరం కూడా ఉంది. ప్రమాదం ఏంటంటే, మనకు మీరు అన్నది మర్యాద మాట. ఒక్కరినైనా మీరు అంటాం. కాబట్టి బైబిల్లో మీరు కనబడగానే, దేవుడు నన్ను ఒక్కణ్ణే మర్యాదగా పిలుస్తున్నట్టు చెవికి వినిపిస్తుంది. కాని పాత తర్జుమాలో ఒక్కరితో మాట్లాడితే నీవు. రాజుతోనైనా నీవే. మీరు అంటే పలువురు. 1 కొరింథీయులకు 3:16 తీయండి, “మీరు దేవుని ఆలయమై యున్నారనియు”. ఇది నా ఒక్కడి ఒంటి గురించి కాదు. పార్టీలుగా చీలిపోయిన ఒక సంఘం మొత్తంతో చెబుతున్నాడు, మీరంతా కలిసి ఒక్క ఆలయం, దాన్ని పాడుచేయకండి అని. సిగరెట్లు మానమని చెప్పడానికి ఈ వచనం వాడతాం, మానడం మంచిదే. కాని సంఘాన్ని చీల్చేవాడికి చెప్పిన మాటను సిగరెట్ తాగేవాడి మీదికి మళ్లిస్తే, చీల్చేవాడు హాయిగా కూర్చుని ఆమెన్ అంటాడు.

వరం ఏంటంటే, నీవు, మీరు రెండూ తెలుగులో వేరుగా ఉన్నాయి. నేటి ఇంగ్లిషులో రెంటికీ ఒక్కటే మాట. లూకా 22:31, 32 చదవండి. సీమోనూ, సీమోనూ అని పేతురును పిలిచి, సాతాను ‘మిమ్మును’ జల్లించడానికి కోరుకున్నాడు అంటాడు, అంటే శిష్యులందరినీ. వెంటనే, ‘నీ’ నమ్మిక తప్పిపోకుండునట్లు ‘నీ’ కొరకు వేడుకొంటిని. అపాయం అందరికీ, ప్రార్థన ఒక్కడి కోసం. ఎందుకు? తర్వాతి మాటలో ఉంది, నీ మనసు తిరిగిన తర్వాత నీ సహోదరులను స్థిరపరచు. గ్రీకులో ఉన్న ఆ మలుపు తెలుగులో చెక్కుచెదరకుండా వచ్చింది. ఇంగ్లిషులో చదివితే కింద నోట్సు చూస్తేగాని తెలియదు. ఒక జాగ్రత్త. వాడుక భాషలో వచ్చిన కొత్త తర్జుమా మీ చేతిలో ఉంటే ఈ సూత్రాన్ని గుడ్డిగా వాడకండి, పాత తర్జుమాతో సరిచూసుకోండి.

ఇంకొకటి, మేము, మనము. హీబ్రూలో, గ్రీకులో ఈ తేడా లేదు. మన భాషలో ఉంది. కాబట్టి తెలుగులోకి తర్జుమా చేసేవాడు ప్రతిసారీ నిర్ణయం తీసుకోవాల్సిందే, తప్పించుకునే దారి లేదు. మార్కు 4:38, తుపానులో శిష్యులు యేసును నిద్ర లేపారు. మేము నశించిపోతున్నాం అన్నారా, మనం నశించిపోతున్నాం అన్నారా? మేము అయితే, ఆయనకేమీ కాదు, మేమే మునుగుతున్నాం అని నిష్ఠూరం. మనం అయితే, ఆయన కూడా మునిగిపోతాడన్న భయం. గ్రీకులో ఒక్క క్రియ ఉంది, అది రెంటికీ సరిపోతుంది. మీ బైబిల్లో ఏది ఉందో చూడండి. అక్కడ ఉన్నది తర్జుమా చేసినవారి వ్యాఖ్యానం. మంచి వ్యాఖ్యానమే కావచ్చు, కాని వ్యాఖ్యానమే.

మాటల విషయంలో ఇంకో చోటు చూపించి ముందుకు వెళ్తాను. ఆదికాండము 2:7, “నరుడు జీవాత్మ ఆయెను”. జీవాత్మ అనగానే తెలుగు మనసు ఎక్కడికి పోతుంది? జీవాత్మ, పరమాత్మ. హిందూ వేదాంతం వైపు పోతుంది. శరీరంలో బంధించబడిన ఒక వెలుగు అన్నట్టు తోస్తుంది. హీబ్రూలో అక్కడున్నది నెఫెష్ హయ్యా. ఇదే మాట ఆదికాండము 1:20లో నీళ్లలో చేపల గురించి ఉంది, 1:24లో నేలమీది జంతువుల గురించి ఉంది. అక్కడ జీవం కలిగినవి అని తర్జుమా చేశారు. ఒకే హీబ్రూ మాట చేపకైతే జీవం, మనిషికైతే జీవాత్మ. 2:7 చెప్పేది మట్టిబొమ్మలోకి ఆత్మ దూరిందని కాదు. మట్టి, ఊపిరి కలిసి ప్రాణి అయ్యాడని. మనిషి ప్రత్యేకత చెప్పాలనుకుంటే 1:26, 27కు వెళ్లండి, దేవుని స్వరూపం అనే మాట అక్కడుంది. 2:7 మీద ఆ బరువు పెట్టకండి.

గ్రీకు మాటల మీద చాలా మోజు ఉంది మనకు, మంచిదే. కాని రోమా 1:16లో శక్తి అన్న చోట గ్రీకులో దునామిస్ ఉంది, డైనమైట్ అందులోంచే వచ్చింది, కాబట్టి సువార్త డైనమైట్ లాంటిది అని చెప్పడం మానేద్దాం. డైనమైట్‌కు ఆల్‌ఫ్రెడ్ నోబెల్ పేటెంటు తీసుకున్నది 1867లో. పౌలు మనసులో లేని పేలుడును పౌలు వాక్యంలో పెట్టకూడదు. పౌలు అక్కడే చెప్పాడు ఆ శక్తి ఎందుకో, నమ్మువానికి రక్షణ కలుగజేయడానికి. డైనమైట్ కూలుస్తుంది.

ఇలా మాట్లాడితే కొందరికి భయం వేస్తుంది. ఇదంతా పండితుల వ్యవహారం, విశ్వాసం చల్లారిపోతుంది అని. ఆ భయానికి కారణం లేకపోలేదు. కాబట్టి ప్రొటెస్టంట్ వేదాంతంలో ఈ సంగతి ఎలా నడిచిందో ముగ్గురి పేర్లతో చెబుతాను, ముగ్గురూ జర్మన్‌లో రాసినవారే.

మొదటివాడు ష్లయర్మాఖర్. 1768 నుంచి 1834 వరకు జీవించాడు, బెర్లిన్‌లో ఆచార్యుడు, ఆదివారం ప్రసంగం చేసే కాపరి కూడా. ఆయన అన్నదాన్ని నా మాటల్లో చెబుతాను. నిర్లక్ష్యంగా చదివేవాడు, అర్థం దానంతటదే అవుతుంది, అపార్థం ఎప్పుడో ఒకసారి వస్తుంది అనుకుంటాడు. జాగ్రత్తగా చదివేవాడు, అపార్థమే దానంతటదే వస్తుంది, అర్థాన్ని అడుగడుగునా వెతుక్కోవాలి అనుకుంటాడు. మళ్లీ చెబుతున్నాను: అపార్థమే దానంతటదే వస్తుంది. ఇప్పటిదాకా చూసిన సమాధానం, మీరు, జీవాత్మ, ఇవన్నీ అదే కదా? ఎవరూ కావాలని తప్పు చదవలేదు.

రెండోవాడు రుడాల్ఫ్ బుల్ట్‌మన్. కొత్త నిబంధనలోని పురాణభాషను విప్పి చెప్పాలంటూ 1941లో ఆయన ఇచ్చిన ఉపన్యాసం మీద ఇప్పటికీ వాదన ఉంది, నాకూ ఆయనతో చాలా చోట్ల పేచీ ఉంది. కాని 1957లో ఒక వ్యాసంలో ఆయన అడిగిన ప్రశ్న మాత్రం మన జేబులో ఉండాలి. ముందస్తు అభిప్రాయాలేవీ లేకుండా వాక్యాన్ని వివరించడం సాధ్యమా? ఆయన జవాబు రెండు ముక్కలు. ఫలితాన్ని ముందే తేల్చుకుని కూర్చోకూడదు. అయినా ఖాళీ పలకతో ఎవడూ రాడు, ప్రతివాడూ ఏదో ఒక ప్రశ్నతో, ఏదో ఒక బతుకుతోనే వాక్యం దగ్గరికి వస్తాడు. అప్పుల్లో ఉన్నవాడు ‘మా ఋణములు క్షమించుము’ చదివేటప్పుడు వినిపించేది వేరు, వడ్డీకిచ్చేవాడికి వినిపించేది వేరు. నువ్వు దేంతో వచ్చావో నీకు తెలిసి ఉండాలి, అంతే.

మూడోవాడు కార్ల్ బార్త్. ఈయన దగ్గర కొంచెం ఆగాలి. 1911 నుంచి 1921 దాకా స్విట్జర్లాండ్‌లో సాఫెన్‌విల్ అనే చిన్న ఊళ్లో కాపరి. 1914 అక్టోబరులో 93 మంది జర్మన్ మేధావులు తమ దేశపు యుద్ధాన్ని సమర్థిస్తూ ఒక ప్రకటన మీద సంతకాలు పెట్టారు. ఆ పేర్లలో బార్త్‌కు వేదాంతం నేర్పిన గురువులున్నారు. బైబిల్‌ను చారిత్రకంగా చదవడంలో గొప్పవాళ్లు. అంత చదువు ఆ సంతకాన్ని ఆపలేకపోయింది. బార్త్ రోమా పత్రిక ముందు పెట్టుకుని మళ్లీ మొదటినుంచి చదివాడు. 1919లో వ్యాఖ్యానం వచ్చింది, దాన్ని దాదాపు పూర్తిగా తిరగరాసి 1922లో మళ్లీ వేశాడు. చారిత్రక పరిశోధనకు శత్రువని ఆయన్ను విమర్శించారు. ఆయన ఇచ్చిన జవాబు ఏంటి? ఆ పరిశోధన కావాలి, అది న్యాయమే, కాని అది అసలు పని మొదలయ్యే చోట ఆగిపోతోంది. పౌలు ఏ మాట వాడాడో తేల్చడం గుమ్మం. పౌలు ఎవరి గురించి మాట్లాడుతున్నాడో ఆయన ఎదుట నిలబడేదాకా చదవడం ఇల్లు.

ఇది పుస్తకాల గొడవ కాదు. 1933 నవంబరు 13న బెర్లిన్ క్రీడాభవనంలో నాజీలను సమర్థించే ‘జర్మన్ క్రైస్తవులు’ అనే వర్గం పెద్ద సభ పెట్టింది. పాత నిబంధనను వదిలించుకోవాలి అని వేదిక మీద నుంచి చెప్పారు. ఎందుకు? అది యూదులది కాబట్టి. వాళ్లు బైబిలు తెరవకముందే ‘మనం’ ఎవరో తేల్చేసుకున్నారు, మనం అంటే జర్మన్ జాతి అని. ఆ మనంలో ఇమడని పేజీలు చింపాల్సి వచ్చింది. 1934 మేలో బార్మెన్ పట్టణంలో సంఘాల ప్రతినిధులు కూడి చేసిన ప్రకటన, బార్త్ చేతి రాత ఎక్కువగా ఉన్నది, మొదటి అంశంలోనే దీనికి జవాబు చెప్పింది. లేఖనాల్లో మనకు సాక్ష్యమివ్వబడిన యేసు క్రీస్తే మనం వినవలసిన ఒకే దేవుని వాక్యం, దాని పక్కన ఇంకో ప్రత్యక్షతను సంఘం ఒప్పుకోదు. ఎవరైనా మీ దగ్గరకొచ్చి పాత నిబంధన మనకెందుకు అంటే ఈ తారీఖు గుర్తు చేసుకోండి.

సరే, పనిలోకి వద్దాం. ఆదివారం వాక్యం చెప్పాల్సి ఉంది. శనివారం రాత్రి పదింటికి కూర్చుంటే ఇవేవీ జరగవు. సోమవారం మొదలుపెట్టండి. ఆ రోజు వచనం ముట్టుకోవద్దు, అది ఉన్న పత్రిక మొత్తం బిగ్గరగా చదవండి. ఫిలిప్పీ పత్రిక నాలుగే అధ్యాయాలు. “నన్ను బలపరచువానియందే నేను సమస్తమును చేయగలను” అన్న 4:13 పరీక్ష హాలు కోసం రాసింది కాదని, 11, 12 వచనాల్లోని ఆకలి, లేమి గురించి అని మీకు ఎవరూ చెప్పక్కర్లేదు, చదివితే చెవికే తెలుస్తుంది. మంగళవారం రెండు మూడు తర్జుమాలు పక్కపక్కన పెట్టి, తేడా వచ్చిన చోట పెన్సిలుతో గీత గీయండి. తర్జుమాలు విడిపోయిన చోటే మూలంలో ఏదో కష్టం ఉంది. అధ్యాయాల, వచనాల అంకెలను మాత్రం నమ్ముకోవద్దు. అధ్యాయాలు పదమూడో శతాబ్దంలో వచ్చాయి. కొత్త నిబంధనకు ఇప్పుడున్న వచన సంఖ్యలు 1551లో రాబేర్ ఎస్తియెన్ అనే ముద్రాపకుడు వేసినవి. పౌలు వేసిన అంకెలు కావు.

అపొస్తలుల కార్యములు 8లో కొన్ని తర్జుమాల్లో 36 తర్వాత 38 వస్తుంది. వచనం తీసేశారు అని వాట్సాప్‌లో సందేశాలు తిరుగుతుంటాయి. జరిగింది అది కాదు. ఎస్తియెన్ అంకెలు వేసేనాటికి ముద్రణలో ఉన్న గ్రీకు పాఠంలో ఆ వచనం ఉంది, కాబట్టి దానికి 37 పడింది. తర్వాత, నాలుగో శతాబ్దపు సీనాయి ప్రతి వంటి పాత చేతిరాత ప్రతులతో పోల్చి చూస్తే వాటిలో ఆ వచనం లేదు. అంకె మిగిలింది. మీ టీచర్లకు ఇది ముందే చెప్పి ఉంచండి, ఆ సందేశం చూసి ఎవరూ బెదరరు.

బుధవారం పెద్ద పని. నీవు, మీరు, మేము, మనము అన్నవాటికి సున్నా చుట్టండి. కాబట్టి, అయితే, ఎందుకనగా అన్నవాటి కింద గీత గీయండి. కాబట్టి కనిపిస్తే దేనివల్ల అని పైకి వెళ్లండి. గురువారం చరిత్ర: ఎవరు, ఎప్పుడు, ఎక్కడ. వ్యాఖ్యాన గ్రంథం శుక్రవారం దాకా తెరవకండి. ముందే తెరిస్తే వాళ్ల ప్రశ్నలు మీ ప్రశ్నలైపోతాయి. శనివారం ఒకే ఒక్క వాక్యం రాయండి, ఈ భాగం ఏం చెబుతోంది అని. రెండు వాక్యాలయ్యాయంటే ఇంకా తేలలేదన్నమాట.

ఒక ప్రశ్న మిగిలింది, మీ ముఖాల్లో కనబడుతోంది. ఉత్తరం వాళ్లకే రాశారు, ‘మీరు’ అంటే వాళ్లే, మరి మనకేం మిగిలింది? ద్వితీయోపదేశకాండము 26 తీయండి. రైతు మొదటి పంట గంపలో పెట్టుకుని వస్తాడు. యాజకుడి ముందు ఏం చెప్పాలి? నా తండ్రి ఐగుప్తుకు వెళ్లాడు, కొద్దిమందితో అక్కడ పరవాసిగా ఉన్నాడు. ఇక్కడిదాకా ‘అతడు’. ఆరో వచనానికి వచ్చేసరికి, ఐగుప్తీయులు ‘మమ్మల్ని’ బాధపెట్టారు, ‘మేము’ మొరపెట్టాం. ఈ రైతు ఐగుప్తును కళ్లతో చూడలేదు. తరాల తర్వాత పుట్టాడు. అయినా మేము అంటున్నాడు. ఎలా అనగలిగాడు? పూర్వీకుల సంగతి ముందు చెప్పి, ఆ సంగతిలో తాను నిలబడి, అప్పుడు అన్నాడు. అతడు చెప్పకుండా మేము అనలేదు.

మన దేశంలో దళిత వేదాంతానికి దారి వేసినవారిలో అర్వింద్ నిర్మల్ ఒకరు. 1981లో బెంగళూరులోని యునైటెడ్ థియలాజికల్ కాలేజీలో ఆయన ఉపన్యాసంతో ఆ ఆలోచన మొదలైంది. తర్వాత రాసిన వ్యాసంలో ఆయన ఎంచుకున్న భాగం ఇదే, ద్వితీయోపదేశకాండము 26. ఊరి బయట ఉంచబడిన తాతల సంగతి దాచకుండా చెప్పుకుని, ఆ నోటితోనే మేము మొరపెట్టాం, ఆయన విన్నాడు అనడం. తెలుగు సంఘాల్లో ఎంతమంది తాతలది ఆ సంగతి? వాళ్ల మనవలకు ఆ ‘మేము’ ఎవరూ అరువు ఇవ్వక్కర్లేదు. 11వ వచనం కూడా చూడండి, ఆ గంపతో కలిగిన సంతోషంలో లేవీయులకు, ఆ దేశంలో ఉన్న పరదేశులకు కూడా పాలు ఉండాలి అని రాసి ఉంది.

ఇక ప్రశ్నలు తీసుకుందాం. వచ్చే శనివారం వచ్చేవాళ్లు యిర్మీయా 29 మొత్తం, 32 వచనాలూ, ఆపకుండా ఒకసారి బిగ్గరగా చదివి, ‘మీరు’ అన్న ప్రతి చోటా సున్నా చుట్టుకుని రండి.